ఎలీషా కుక్ మీద జాలి పడకు

చిరంజీవి అమ్మాయికి,

నీ వ్యాసం అందింది. రెండుసార్లు చదివాను, రెండోసారి కోపం వచ్చింది. పాత హాలీవుడ్ సహాయ నటుడు ఎలీషా కుక్ జూనియర్ పేరు పక్కన ‘పాపం, చివరిదాకా చిన్న వేషాలే’ అని ఏడుచోట్ల రాశావు. ఎందుకు పాపం? కాలిఫోర్నియాలోని సియెర్రా కొండల్లో చేపలు పట్టుకుంటూ బతికి, కబురొస్తే హాలీవుడ్‌కు దిగొచ్చి, వేషం ముగించి మళ్లీ కొండెక్కిన మనిషాయన. 91 ఏళ్లు బతికాడు.

‘ది మాల్టీస్ ఫాల్కన్’ (1941)లో హీరో బోగార్ట్ వెక్కిరిస్తుంటే, కుక్ వేసిన ఆ కుర్ర గూండా కళ్లలో నీళ్లు తిరిగాయని రాశావు చూడు, అది నువ్వు కళ్లారా చూసి రాసిన వాక్యం. అప్పటికి ఆ ‘కుర్రాడి’కి 37 ఏళ్లు. మిగతా నాలుగు పేజీలూ సినిమాల పేర్లే. రేషన్ షాపు జాబితాలా ఉన్నాయి.

‘ది బిగ్ స్లీప్’ (1946)ను ఒక్క లైనులో దాటేశావేంటమ్మా? హంతకుడు కుక్ ఎదురుగా నిలబడి, కుక్ పాత్ర ప్రేమించిన ఆగ్నెస్ ఎక్కడుందని అడుగుతాడు. ఈ పొట్టి మనిషి భయంతో బిగుసుకుపోయి అడ్రస్ చెప్పేస్తాడు. ఇచ్చిన గ్లాసు తాగుతాడు. అందులో విషం. చెప్పిన అడ్రస్ తప్పుడుదని తర్వాత తెలుస్తుంది. పక్క గదిలో హీరో అంతా వింటూనే ఉంటాడు. ఆ సినిమా కథ నాకు ఈరోజుకీ పూర్తిగా అర్థం కాలేదు, ఆ చావు మాత్రం మర్చిపోలేదు. సహాయ నటుడి గురించి రాయాలంటే అతనికి డైలాగ్ లేనప్పుడు చూడాలి. చేతులు ఎక్కడ పెట్టుకున్నాడు, ఎవరి వైపు చూస్తున్నాడు. నేను నలభై ఏళ్లుగా చెబుతున్నది ఇదొక్కటే.

ఇలాంటి ఒక్క సీను కోసం నేను మూడు మార్నింగ్ షోలు చూశాను. చీకట్లో టికెట్ల వెనక రాసుకున్నాను. ఒక వారపత్రిక ఎడిటర్ ఆ వ్యాసాన్ని ఆరు నెలలు డ్రాయర్లో పడేసి, ‘హీరో ఫొటో లేకుండా ఎవరు చదువుతారండీ’ అని తిరిగిచ్చాడు. కాగితాల మీద టీ మరకలు. ఇప్పుడూ అదే మాట వింటున్నాను, మనుషులు మాత్రం మారారు. వాళ్ల కోసం నీ వ్యాసానికి బోగార్ట్ పేరు తగిలించకు.

‘ది కిల్లింగ్’ (1956) మళ్లీ చూడు. అందులో కుక్ గుర్రప్పందేల కౌంటర్లో క్యాషియర్, భార్య మెప్పు కోసం దోపిడీ రహస్యం ఆమెకు చెప్పేసుకున్నవాడు, చివరికి నెత్తురోడుతూ ఇంటికొస్తాడు. ఆ గదిలో పంజరం, అందులో చిలుక. అక్కడ మొదలుపెట్టి, రెండు పేజీల్లో రాసి పంపు.

ఆశీస్సులతో.