కల్పిత రాజ్యంలో బహిష్కరణ, భక్తి, దర్బారు కుట్ర: చదివేవాళ్లు నమ్మేలా ఎలా రాయాలి?

మీ ప్రశ్న చదవగానే నవ్వొచ్చింది. ఇదే కథ రాసి నేనూ చేతులు కాల్చుకున్నాను మరి. మీరు చెప్పింది ఇదీ: మూడో భాగంలో యువరాజు మీద రాజద్రోహం మోపి వెళ్లగొడతారు. వెనకుండి నడిపించేది మంత్రి, దేవుడంటే బొత్తిగా నమ్మకం లేని ప్రధాన పూజారి. పన్నెండేళ్లకు యువరాజు తిరిగొస్తాడు. చదివినవాళ్లేమో "ఎక్కడో చూసినట్టే ఉంది" అంటున్నారు.

మాది హన్మకొండ. నాలుగేళ్ల కింద ఫోన్లో చదివే సీరియల్ ఒకటి మొదలుపెట్టాను. నా యువరాజు అడవిలో కత్తిసాము నేర్చుకుంటూ ఎనిమిది భాగాలు గడిపాడు. ఏడో భాగానికే చదివేవాళ్లు సగమయ్యారు. ఆ టెన్షన్‌లో ఊరికి వెళ్లినప్పుడు కథంతా మా నాయనమ్మకు చెప్పాను. ఆమె ఆకువక్క నములుతూ మొత్తం విని, "అడవికి పోయినోని సంగతి సరే బిడ్డా, వాని ఇంట్ల మిగిలినోళ్లను నీళ్లు తోడుకోనిచ్చిన్రా?" అని అడిగింది.

మా తాతను ఒకప్పుడు వెలివేశారని నాకు పైపైన తెలుసు. గెట్టు తగాదా వస్తే కులపెద్దల దగ్గరికి పోకుండా ఠాణాకు పోయాడని వాళ్లకు కోపం. దండుగ వేశారు, ఈయన కట్టనన్నాడు. పది నెలలు వెలి. పొలిమేర దాటించలేదు. అదే ఇల్లు, అదే వాకిలి. కానీ గడ్డం గీసేవాళ్లు రారు, బట్టలుతికేవాళ్లు రారు, దుకాణంలో ఉప్పు కూడా లేదంటారు. అవన్నీ ఓర్చుకుందట నాయనమ్మ. ఓర్చుకోలేనిది ఒకటే. ఎవరింట్లోనో పెళ్లి. పిలుపులకు బయల్దేరిన ఆడవాళ్లు కుంకుమ భరిణె పట్టుకుని ఇంటింటికీ బొట్టు పెట్టుకుంటూ వస్తున్నారు. పక్కింటి దాకా వచ్చారు. మా తలుపు తీసే ఉంది. భరిణె మూత టక్కున పెట్టేసి, మా వాకిలి దాటాక మళ్లీ తీశారు. ఆ మూత చప్పుడు ఇప్పటికీ చేత్తో చేసి చూపిస్తుంది.

ఆ రాత్రే నా ఎనిమిది భాగాల అడవిని తీసి అవతల పారేశాను.

వెలి ఎలా పోయిందన్నది ఇంకా ముఖ్యం, మీ పూజారి చిక్కుముడి అక్కడే విడుతుంది. పోచమ్మకు మొదటి బోనం మా ఇంటి నుంచి వెళ్లడం ఆనవాయితీ. వెలిలో ఉన్నాం కాబట్టి ఆ ఏడు వేరే ఇంటి నుంచి తీశారు. వానలు ఆలస్యమయ్యాయి. బావి దగ్గర ఒక మాట పుట్టింది: తల్లికి కోపమొచ్చింది, మొదటి బోనం అందలేదని. రెండు వారాల్లో ఆ మాట ఊరంతా తిరిగి పెద్దల అరుగు మీదికి వచ్చి కూర్చుంది. వాళ్లకు పరువు పోకుండా దిగొచ్చే దారి అదొక్కటే కనిపించింది. ఆ మాట పుట్టించింది తాత చెల్లెలేనని నాయనమ్మ చెప్పింది.

"అంటే అబద్ధం చెప్పిందా?" అన్నాను.

"అబద్ధమెందుకైతది? పొద్దంత నలుగురికి చెప్పొచ్చేది, రాత్రి దీపం ముందట కూసోని నిజంగనే ఏడ్చేది."

మీ పూజారిలో లేనిది ఇదే. భక్తిని వాడుకునేవాడు నాస్తికుడే అయ్యుండాలని మనం ఎందుకో ముందే తీర్మానించుకుంటాం. నమ్మనివాడికి కుట్ర సులువు, అందుకే చప్పగా ఉంటుంది. నమ్ముతూనే దేవుడి పేరు వాడుకునేవాడికి రాత్రి నిద్ర పట్టదు. నా కథలో పూజారిని అలా మార్చాను: యువరాజు వెళ్లిపోవాలన్నది దేవత మాటేనని నిజంగా నమ్ముతాడు, కాకపోతే మంత్రికి అనుకూలమైన రోజునే ఆ మాట బయటపెడతాడు. కామెంట్లలో జనం కొట్టుకున్నారు అతను మంచివాడా కాదా అని. నాకు కావాల్సిందీ అదే.

ఇక రాజ్యానికి ఒకే మతం, ఒకే గుడి పెట్టకండి. మా పద్మాక్షి గుట్ట ఎక్కి చూడండి. 1117 నాటి శాసనం ప్రకారం అది మంత్రి బేతన భార్య మైలమ కట్టించిన బసది, అంటే జైన గుడి. బండ మీద తీర్థంకరుల బొమ్మలు ఇప్పటికీ ఉన్నాయి, లోపల పూజలు అమ్మవారికి. కింద గుండం దగ్గర మేం బతుకమ్మ ఆడతాం. చిన్నప్పుడు ఆ బొమ్మలు ఎవరివని అడిగితే మా అమ్మ "దేవుళ్లే, మొక్కు" అంది. పాత దేవుడు ఎక్కడికీ వెళ్లడు, కొత్త దేవుడి గోడలో ఉంటాడు. మీ దర్బారులో ఆ గోడను తాకే మనిషి ఒక్కడుంటే చాలు, కుట్రకు ముడిసరుకు దొరికినట్టే. భక్తికి తూకం కూడా ఉండాలి. మేడారంలో బెల్లాన్ని బెల్లం అనరు, బంగారం అంటారు, మనిషిని తూచి నిలువెత్తు బంగారం ఇస్తారు. మీ దేవతకు జనం ఏం తూచి ఇస్తారు? అది రాస్తే గుడి ఖజానా ఎవరి చేతిలో ఉందో దానంతటదే తెలిసిపోతుంది.

రాజు లేనప్పుడు సింహాసనం దగ్గర ఎవరున్నారన్నది రెండో సంగతి. కాకతీయుల్లో రాజు మహాదేవుడు దేవగిరి యాదవులతో యుద్ధంలో చనిపోయాడు, కొడుకు గణపతిదేవుడు వాళ్లకు బందీగా చిక్కాడు. ఓరుగల్లును కాచింది సేనాని రేచర్ల రుద్రుడు. నేనైతే అతన్ని ద్రోహిని చేసేవాణ్ణి, నిజానికి మొదటిసారి అలాగే చేశాను. అసలు జరిగిందేమిటంటే, యాదవ రాజు జైతుగి గణపతిదేవుణ్ణి వదిలేశాడు, 1199లో ఈయన గద్దెనెక్కాడు, రుద్రుడు పక్కకు జరిగాడు. 1213లో రామప్ప గుడి కట్టించింది ఆ రుద్రుడే. గద్దెను తీసుకోగలిగీ తీసుకోనివాడి మనసులో ఏముందో రాయడం ద్రోహిని రాయడం కన్నా కష్టం. ఇక శత్రువు ఊరికే వదిలేస్తాడా, ఏం మాట తీసుకుని వదిలాడు? అక్కడ మీ ఇష్టం, ఒక నవలంత చోటుంది.

కబురు ఎలా చేరుతుందో కూడా చూడండి. మన కథల్లో ఎప్పుడూ గుర్రం మీద దూత. రుద్రమదేవి మరణం గురించి చెప్పే 1289 నాటి చందుపట్ల శాసనం వేయించింది రాజూ కాదు, మంత్రీ కాదు. పువ్వుల ముమ్మడి అనే భటుడు, ఆమెకు పుణ్యం కలగాలని గుడికి భూమి ఇచ్చి రాయించాడు. అంత పెద్ద వార్త ఒక చిన్న మనిషి మొక్కులో దొరికింది! నేను నా కథలో రాజు చావును నూనె కొట్టు లెక్కల్లో పెట్టాను: ఆ రోజు నుంచి కోటలో ఒక దీపానికి నూనె తగ్గింది.

మీ పన్నెండేళ్ల గడువుకు ఒక షరతు తగిలించండి. పాండవులకు అరణ్యవాసం పన్నెండేళ్లే అయితే అంత ఉత్కంఠ ఉండేది కాదు. పదమూడో ఏడు అజ్ఞాతవాసం, దొరికితే మళ్లీ మొదటికి. ఆ ఒక్క షరతు వల్లే విరాటపర్వం పుట్టింది.

తిరిగొచ్చే ఘట్టం గుర్రాలతో, బాకాలతో రాస్తానన్నారు. నేనూ అలాగే రాసి కొట్టేశాను. వెలి ఎత్తేసిన రోజు, మొదటిసారి బొట్టు పెట్టడానికి వచ్చిన ఆమె భరిణె పట్టుకుని మా వాకిట్లో నిలబడిందట. అప్పుడు నాయనమ్మ వెనక గిన్నెలు తోముతోంది. వస్తున్నానని లోపలి నుంచే కేకేసి, చేతులు కడుక్కుని, కొంగుతో తుడుచుకుని, కావాలనే చాలాసేపటికి బయటికొచ్చిందట.