ఆర్‌ఎన్‌ఏ వైరస్ జీనోమ్ కొసలు వృథా కావు, వదిలేయకండి

జీనోమ్ అంటే వైరస్ తయారీ సమాచారమంతా ఉన్న పోగు, డెంగీ వైరస్‌లో అది ఆర్‌ఎన్‌ఏ అనే పదార్థంతో అయింది. "ఆ పోగులో ప్రొటీన్లకు కోడ్ కాని కొస భాగాలు చదవకుండా వదిలేయొచ్చా?" అని ఒకరు అడిగారు. వద్దండి. డెంగీ వైరస్ తన కాపీ తీయడం ఎక్కడ మొదలుపెట్టాలో తేల్చేది ఆ కొసలే.

మాది విశాఖ, ఎంవీపీ కాలనీ. కిందటి వానాకాలం మా అమ్మాయికి డెంగీ వచ్చింది. ఇంటర్ బైపీసీ చదువుతోంది. జ్వరం దిగి, ప్లేట్‌లెట్ల రిపోర్టు కోసం ఎదురుచూస్తున్న మధ్యాహ్నం, "అమ్మా, ఒక్క వైరస్ ఇన్ని ఎలా అవుతుంది?" అంది.

దాని జడ రిబ్బను విప్పి దుప్పటి మీద పరిచాను. ఇది జీనోమ్, సుమారు 10,700 అక్షరాల ఒకే పోగు. ఎడమ కొసలో చిన్న మడత వేసి పిన్నీసు గుచ్చాను. ఆర్‌ఎన్‌ఏ తన మీద తానే మడతపడి చేసుకునే కాడ అది. దానికి నా తల క్లిప్పు తగిలించాను. అదే కాపీ తీసే ఎంజైము, ఎన్‌ఎస్5. చిక్కల్లా ఏమిటంటే, ఎంజైము పట్టుకునేది ఎడమ కొసని, కాపీ మొదలవ్వాల్సింది కుడి కొస నుంచి.

"మరి ఎలా వెళ్తుందో నువ్వే చెప్పు తల్లీ" అన్నాను. కాసేపు చూసి, రెండు కొసలూ దగ్గరికి లాగి క్లిప్పుని కుడి కొసకి ఆనించింది. నాకు కళ్ళు చెమర్చాయి. వైరస్ చేసేది అచ్చం అదే! రెండు కొసల దగ్గరా ఒకదానితో ఒకటి జతపడే వరసలున్నాయి, అవి కలిస్తే పోగు చుట్టగా మూసుకుంటుంది. అర్జెంటీనాలో ఆండ్రియా గామార్నిక్ బృందం 2006లో ఎంజైము పట్టు ఎడమ కొసలోనే ఉందని చూపించింది. ఒక కొసలో అక్షరాలు మార్చి జత చెడగొడితే వైరస్ పెరగదు. రెండో కొసని కూడా దానికి జత కుదిరేలా మారిస్తే మళ్ళీ పెరుగుతుంది. పైగా ఎడమవైపు జత వరసల్లో ఒకటి క్యాప్సిడ్ ప్రొటీన్ (జీనోమ్‌ని చుట్టి ఉంచే ప్రొటీన్) కోడ్ లోపలే ఉంది. అవే అక్షరాలు ప్రొటీన్‌కీ పనికొస్తాయి, కొసలు కలపడానికీ పనికొస్తాయి. కోడ్ ఒకచోట, కంట్రోల్ ఒకచోట అని గీత గీయడం పుస్తకాల్లోనే.

ఇంత అందమైన సంగతిని మా అమ్మాయి కోచింగ్‌లో "బిట్ రాదు, వదిలేయండి" అన్నారట. ఒళ్ళు మండింది. పిల్లలు జబ్బుల పేర్లు బట్టీపడుతున్నారు, వైరస్ పెరిగే తీరు మాత్రం ఎవరూ చెప్పరు. చూడ్డానికొచ్చిన చుట్టాలదీ అదే తంతు. ప్రతివాళ్ళూ బొప్పాయి ఆకు రసం తెచ్చారు, డాబా మీద నీళ్ళ డ్రమ్ముకి మూత వేయమంటే ఒక్కరూ వినలేదు. డెంగీని మోసుకొచ్చే దోమ గుడ్లు పెట్టేది మనం పట్టి ఉంచుకున్న మంచి నీళ్ళలోనే కదా.

రిబ్బను, పిన్నీసు, క్లిప్పుతో మీరూ చేసి చూడండి. ఒకసారి పిన్నీసు తీసేసి, క్లిప్పుకి పట్టు దొరుకుతుందేమో చూడండి.