గ్యారేజీలో మొదలైన పాట

ప్రశ్న: ఫ్రెంచ్ దర్శకుడు జాక్ దెమీ సినిమాలు రెండు మూడు చూశాను. రంగురంగుల గోడలు, పాటలు, డాన్సులు. సరదాగానే ఉన్నాయి గానీ, వాటిని అంత గొప్పగా ఎందుకు చెప్పుకుంటారో అర్థం కాలేదు.
– ఒక పాఠకురాలు

జవాబు: మొదట్లో నాకూ అలాగే అనిపించిందండీ. నా అభిప్రాయం మార్చింది ఒక గ్యారేజీ సీను. ‘షెర్‌బూర్ గొడుగులు’ (1964) మొదలవగానే ఒక కస్టమర్ కారు పని అయిందా అని అడుగుతాడు. అయింది, ఇంజను చల్లగా ఉన్నప్పుడు కాస్త చప్పుడు చేస్తుంది, అది మామూలేనంటాడు మెకానిక్ గీ. ఇదంతా పాటలోనే! సినిమా మొత్తంలో పాడకుండా చెప్పిన మాట ఒక్కటీ లేదు. ప్రేమను అందరూ పాటల్లో పెడతారు, ఇంజను చప్పుడును పెట్టినవాణ్ణి నేనింకెవర్నీ చూడలేదు. దెమీ ఫ్రాన్స్‌లోని నాంత్ అనే ఊళ్లో పెరిగాడు, వాళ్ల నాన్నకు గ్యారేజీ ఉండేది. ఆ సీను అంత సహజంగా ఉండడానికి అదే కారణమని నా నమ్మకం.

సంగీతం మిషెల్ లెగ్రాన్‌ది. పాటలన్నీ ముందే రికార్డు చేసి, షూటింగులో నటులచేత పెదవులు కలిపించారు. కథానాయిక జెనెవియేవ్‌గా వేసిన కాత్రీన్ దెనోవ్‌కి గొంతు ఇచ్చింది గాయని దానియెల్ లికారీ. ఆ ఏడాది కాన్ చలనచిత్రోత్సవంలో పెద్ద బహుమతి దీనికే వచ్చింది.

ఇంత తీపి సంగీతం కింద ఉన్న కథ ఏమిటంటారా? గీని అల్జీరియా యుద్ధానికి పంపిస్తారు. ఇక్కడ గర్భవతి అయిన అతని ప్రేయసి జెనెవియేవ్ మరొకరిని పెళ్లి చేసుకుంటుంది. ఏళ్ల తర్వాత, మంచు కురుస్తుండగా, ఆమె కారు ఒక పెట్రోలు బంకులో ఆగుతుంది. కుర్రాడు వచ్చి ‘సూపరా, ఆర్డినరీయా?’ అని అడుగుతాడు. ఆ ప్రశ్న విన్నప్పుడల్లా నాకు గొంతులో ఏదో అడ్డుపడుతుంది. తర్వాతది మీరే చూడండి.

జెనెవియేవ్‌ని పెళ్లాడే వజ్రాల వ్యాపారి రోలాన్, దెమీ మొదటి సినిమా ‘లోలా’ (1961)లో ప్రేమ దక్కక ఊరు వదిలిపోయినవాడే. ఆ సంగతి తెలిశాక అతని మీద కోపం రాదు.

‘రోష్‌ఫోర్ అమ్మాయిలు’ (1967) నిజంగానే పండగలా ఉంటుంది, హాలీవుడ్ డాన్సర్, నటుడు జీన్ కెలీ కూడా ఉన్నాడు. అందులో అక్కాచెల్లెళ్లుగా వేసిన దెనోవ్, ఫ్రాంస్వాజ్ దోర్లెయాక్ సొంత అక్కాచెల్లెళ్లే. సినిమా వచ్చిన కొన్ని నెలలకే అక్క దోర్లెయాక్ కారు ప్రమాదంలో పోయింది. వాళ్లిద్దరి పాట ఇప్పుడు నవ్వుతూ చూడలేను.

ఓపిక ఉంటే ‘యూన్ షాంబ్ర్ ఆన్ విల్’ (ఊళ్లో ఒక గది, 1982) కూడా చూడండి. నాంత్ కార్మికుల సమ్మె కథ అది. అక్కడ పోలీసులు కూడా పాడతారు.