రెండు సీన్ల వేషం వచ్చినప్పుడు: సుధకు పెదనాన్న ఉత్తరం

మాంట్రియల్

చిరంజీవి సుధకు,

నీ వాయిస్ మెసేజ్ విన్నాను. వెబ్ సిరీస్‌లో లాయరు వేషం, మొత్తం రెండే సీన్లు, చనిపోయినావిడ వీలునామా ఆవిడ పిల్లలకు చదివి వినిపించడమే పని అన్నావు. "థియేటర్ ఆర్ట్స్‌లో పీజీ చేసింది కాగితం చదవడానికా పెదనాన్నా" అని దెప్పావు కూడా. ఫోన్లో జవాబు చెబితే మధ్యలో అడ్డం వస్తావు. అందుకే రాస్తున్నాను. తాపీగా చదువు.

సరిగ్గా నీకొచ్చిన వేషమే వేసినాయన ఇక్కడ ఒకాయన ఉన్నాడు. పేరు రెమీ జిరార్. ఇక్కడ అంటే క్యూబెక్ రాష్ట్రంలో. కెనడాలో ఫ్రెంచ్ మాట్లాడే రాష్ట్రం ఇది. మీ అక్క దగ్గరికి వచ్చి ఉండిపోయాక నేను ఎక్కువగా చూసినవి ఆయన సినిమాలే. నాకు ఫ్రెంచ్ అంతంతమాత్రం. కింద పడే ఇంగ్లీషు చదువుకుంటూ చూస్తాను. అయినా సగం జీవితం మద్రాసు సినిమా పేట కోడంబాక్కంలో క్యారెక్టర్ వేషాలు వేసి, డబ్బింగ్ చెప్పి బతికినవాణ్ని కదా, పని తెలిసిన నటుడు తెర మీదికొస్తే భాష రాకపోయినా తెలిసిపోతుంది.

ఆయన పుట్టింది 1950లో, జోంకియేర్ అనే ఊళ్లో. కాగితం మిల్లులు, అల్యూమినియం ఫ్యాక్టరీలు ఉన్న ప్రాంతం. 1970లలో క్యూబెక్ సిటీలో నాటకాలతో మొదలుపెట్టాడు. సినిమాల్లో పెద్ద పేరొచ్చేసరికి ముప్పై అయిదేళ్లు. నీకింకా ఇరవై ఏడే, ఆ సంగతి మీ అమ్మకు కూడా చెప్పు. బొద్దు మనిషి, గుండ్రటి ముఖం. బస్సులో నీ పక్కన కూర్చుంటే ఏ బ్యాంకు ఉద్యోగో అనుకుంటావు. ఆ ముఖంతోనే చరిత్ర ప్రొఫెసర్, సారా దుకాణం ఓనరు, దగుల్బాజీ, జైలు నుంచి బయటికొచ్చిన ముఠావాడు, నోటరీ, అడవిలో ఒంటరి ముసలాడు, అన్నీ వేశాడు.

పేరు తెచ్చిన సినిమా "ది డిక్లైన్ ఆఫ్ ది అమెరికన్ ఎంపైర్", 1986లో వచ్చింది. డైరెక్టర్ డెనీ ఆర్కాన్. కథ చెప్పమంటే ఏమీ లేదు. చెరువు పక్క ఇంట్లో నలుగురు మగవాళ్లు వంట చేస్తుంటారు, ఆడవాళ్లు జిమ్‌లో ఉంటారు, అందరూ తమ సంబంధాల గురించి మాట్లాడుకుంటారు, రాత్రికి భోజనానికి కలుస్తారు. ఆ ప్రొఫెసర్ పేరు కూడా రెమీయే. పెళ్లాన్ని ఏళ్ల తరబడి మోసం చేస్తూ దాన్నే జోకులుగా చెప్పుకునే మనిషి. అలాంటివాడితో ప్రేక్షకుణ్ని సినిమా అంతా కూర్చోబెట్టడం ఎంత కష్టమో నీకు తెలుసు. జిరార్ ఎక్కడా "నేను మంచివాణ్నే, నన్ను అర్థం చేసుకోండి" అని కళ్లతో బతిమాలడు. చేపలూ పిండీ సర్దుతూ మాట్లాడతాడు. చేతికి పనుంటే నోటికి టెన్షన్ ఉండదు, పరిషత్తు నాటకాల్లో మాకు చెప్పిందీ అదే.

పదిహేడేళ్ల తర్వాత, 2003లో, అదే డైరెక్టర్ అదే ప్రొఫెసర్‌ను మంచాన పడేశాడు. "ది బార్బేరియన్ ఇన్వేజన్స్". క్యాన్సర్, కిక్కిరిసిన ఆసుపత్రి, డబ్బు సంపాదించిన కొడుకుతో పడదు. ఇందులో ఒక చోటు నువ్వు తప్పకుండా చూడాలి. కూతురు ఎక్కడో సముద్రంలో పడవ మీద ఉంటుంది, రాలేదు. వీడియోలో మాటలు పంపుతుంది. మాట్లాడేదంతా కంప్యూటర్ తెర మీద కూతురే. ఈయన పని చూడటం, వినడం. ముందు మామూలుగా చూడు. తర్వాత మ్యూట్ చేసి, కింద అక్షరాలు తీసేసి, ఆయన ముఖమే చూడు. రియాక్షన్ షాట్ అంటే ఏడుపు ముఖం పెట్టడం అనుకునే మన కుర్రాళ్లందరికీ అది చూపించాలి నన్నడిగితే. ఏడవడానికి ముందు మనిషి ఆ మాటల్ని లోపలికి తీసుకోవాలి కదా, ఆ తీసుకోవడం కనిపిస్తుంది.

అదే సినిమాలో ఇంకో ముచ్చట. ఒకప్పుడు ఒక చైనా ఆవిడను మెప్పించాలని అక్కడి సాంస్కృతిక విప్లవాన్ని తెగ పొగిడేసి, ఆవిడ దాని వల్ల ఎంత నష్టపోయిందో తెలిసి బిక్కచచ్చిన సంగతి చెబుతాడు. చావు దగ్గర పెట్టుకుని తన మీద తనే వేసుకునే జోకు. అక్కడ జాలి కలపలేదు చూడు. కలిపితే సీను చచ్చేది.

ఆ సినిమాకు 2004 ఫిబ్రవరి ఆఖర్లో ఆస్కార్ వచ్చింది, ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా. ఆయనకు కెనడా వాళ్ల జెనీ అవార్డుల్లో ఉత్తమ నటుడు కూడా వచ్చింది. అంతకుముందే వరసగా రెండేళ్లు సహాయ నటుడిగా జెనీలు తీసుకున్నాడు. అవార్డుల సంగతి ఇక్కడితో వదిలేద్దాం. నాకు నచ్చింది వేరే విషయం. ఆస్కార్ వచ్చిన ఆ 2004 జనవరిలోనే ఇక్కడి టీవీలో "లే బూగోన్" అనే కామెడీ సీరియల్ మొదలైంది. ప్రభుత్వం ఇచ్చే భృతిని రకరకాల మోసాలతో నొక్కేసే కుటుంబం కథ. ఇంటి పెద్ద పాల్ బూగోన్ వేషం ఈయనదే. లోకమంతా ఆస్కార్ సినిమాలో పుస్తకాల గురించి మాట్లాడుతూ చనిపోయే ప్రొఫెసర్‌ను చూస్తుంటే, ఇక్కడి జనం ఇళ్లల్లో అదే మనిషి వీధి భాషలో గవర్నమెంటును తిడుతూ కనిపించాడు. అంతకుముందు 1997 నుంచి "లే బాయ్స్" అనే ఐస్ హాకీ కామెడీలు వరసగా చేశాడు. అందులో స్టాన్ అని బారు నడిపే మనిషి, జూదం అప్పుల్లో కూరుకుని బారునే మ్యాచ్ మీద పందెం ఒడ్డాల్సొస్తుంది. జనం విరగబడి చూశారు. మన దగ్గరైతే కామెడీలో క్లిక్ అయినవాణ్ని ఆ గదిలోనే పెట్టి తాళం వేస్తారు, సీరియస్ వేషం అడిగితే నవ్వుతారు. ఇక్కడ ఆయనకు ఆ తాళం పడలేదు.

ఎందుకు పడలేదో నాకు తోచింది చెబుతాను. క్యూబెక్ జనాభా కోటి లోపే. ఇంత చిన్న చోట నటుడు ఒక్క రకం పని మీద బతకలేడు. చలికాలం పెద్ద స్టేజీల మీద నాటకం, ఎండాకాలం పల్లెటూళ్లలో కామెడీ నాటకాలు, మధ్యలో టీవీ, సినిమా. హాలీవుడ్ సినిమాలను ఫ్రాన్స్ వాళ్ల డబ్బింగ్‌తో సరిపెట్టుకోకుండా ఇక్కడ మళ్లీ విడిగా డబ్బింగ్ చేసుకుంటారు, అదొక పని. అన్నీ చేసేవాళ్లే నిలబడతారు. నువ్వు హైదరాబాదులో ఉన్నావు. ఆడియో పుస్తకాలు, డబ్బింగ్, యాడ్లు, నాటకం, సీరియల్, అన్నీ ఒకే ఊళ్లో ఉన్నాయి. "నేను సినిమాలకే" అని గిరి గీసుకుని కూర్చుంటే అద్దె ఎవరు కడతారు?

డబ్బింగ్ అంటే గుర్తొచ్చింది. ఆర్కాన్‌దే "జీసస్ ఆఫ్ మాంట్రియల్" అని 1989 సినిమా ఉంది. ఈ ఊళ్లో కొండ మీద క్రీస్తు నాటకం ఆడే అయిదుగురు నటుల కథ. జిరార్ వేసిన నటుడు మొదట్లో ఒక బూతు సినిమాకు డబ్బింగ్ చెబుతుంటాడు. ఇది నీకు రాయడానికి కొంచెం మొహమాటంగానే ఉంది. ఇంకో ఆర్టిస్టు రాకపోయేసరికి రెండు గొంతులూ తనే చెబుతాడు. నవ్వి చచ్చాను. కోడంబాక్కంలో మేం లూపుల మీద, అంటే ఒక్కో ఫిల్ము ముక్కను మళ్లీ మళ్లీ తిప్పుతుంటే చూస్తూ, డబ్బింగ్ చెప్పే రోజుల్లో గుంపు సీన్లకు అదే పని: ఒకరమే పూజారి, పోలీసు, పాలవాడు. ఆ హడావిడిలో కూడా ఆయన పాత్ర పనిని తేలిగ్గా తీసుకోదు, అందుకే నవ్వొస్తుంది.

యాస సంగతి మాత్రం గట్టిగా చెప్పాలి. ప్రొఫెసర్ మాట, పాల్ బూగోన్ మాట ఒకటి కావు, ఫ్రెంచ్ సరిగా రాని నా చెవికే తెలిసిపోతుంది. క్యూబెక్ వాళ్లు ఒకప్పుడు స్టేజీ మీద పారిస్ ఫ్రెంచే మాట్లాడాలనుకునేవాళ్లు. 1968లో మిషెల్ ట్రాంబ్లే నాటకం "లే బెల్ సోర్" వచ్చి, మాంట్రియల్ వాడల్లో ఆడవాళ్లు మాట్లాడే మాటనే స్టేజీ ఎక్కించింది. కొందరు చీదరించుకున్నారు, జనం మాత్రం చూశారు. జిరార్ తరం ఆ తర్వాత వచ్చింది కాబట్టి రెండు మాటలూ చేతిలో ఉన్నాయి. నువ్వు తెనాలి మాటను యూనివర్సిటీలో అరగదీసుకున్నావు. తిరిగి తెచ్చుకో. దాంతో పాటు మీ హాస్టల్ వార్డెన్ వరంగల్ మాటను నవ్వించడానికే అనుకరిస్తావు కదా, ఆవిడ కోపంలో, జ్వరంలో, బేరంలో ఎలా మాట్లాడుతుందో కూడా విను.

ఇక్కడ ఇంకో తమాషా ఉంది. 1977 నుంచి ఇంప్రొవైజేషన్ లీగ్ నడుస్తోంది. హాకీ మైదానంలా చుట్టూ కంచె కట్టి, రెండు టీములు జెర్సీలు వేసుకుని, రిఫరీ ఇచ్చిన అంశం మీద అప్పటికప్పుడు సీను ఆడతారు. ఆలోచించుకోవడానికి ఇరవై సెకన్లు. జనం రంగు అట్టలెత్తి ఓటేస్తారు, రిఫరీ నచ్చకపోతే రబ్బరు చెప్పులు విసురుతారు. మీ బ్యాచ్ వాళ్లతో డాబా మీద ఆడుకోండి. డైలాగు లేనప్పుడు ఎదుటివాడి మాట వినక తప్పని ఆట అది. చెప్పులు మాత్రం రబ్బరువే వాడండి.

ఇప్పుడు నీ లాయరు వేషం. "ఇన్సెండీస్" చూడు, 2010 సినిమా, డెనీ విల్‌నవ్ తీశాడు. జిరార్ అందులో నోటరీ. మన కోర్టు బయట స్టాంపు గుద్దే నోటరీ అనుకోకు. ఇక్కడ నోటరీ అంటే వీలునామాలు, ఇళ్ల రిజిస్ట్రేషన్లు చూసే చదువుకున్న పెద్దమనిషి. కవల పిల్లల్ని కూర్చోబెట్టి తల్లి వీలునామా చదువుతాడు. నన్ను బట్టల్లేకుండా, బోర్లా పడుకోబెట్టి పూడ్చండి, సమాధి మీద పేరు వద్దు అని ఉంటుంది. తండ్రికో ఉత్తరం, వాళ్లకు తెలియని అన్నకో ఉత్తరం ఇవ్వమంటుంది. మిగతా కథ చెప్పను.

దీని మూలం వజ్దీ ముఅవ్వద్ నాటకం. నాటకంలో ఆ నోటరీ వసపిట్ట, సామెతలు తలకిందులుగా చెబుతుంటాడు. సినిమాలో ఆ మాటలన్నీ తీసేశారు. జిరార్ లాంటి కామెడీ తెలిసిన నటుడికి అది ఎంత నష్టమో ఆలోచించు. కానీ ఆయన లేని నవ్వు కోసం పాకులాడలేదు. గొంతు పెంచకుండా, విషాదం పులమకుండా, రాసింది రాసినట్టు చదివాడు. ఆ మాటల దెబ్బ పిల్లల ముఖాల మీద పడింది. సీను వాళ్లది. ఆయన దాన్ని వాళ్ల చేతుల్లో పెట్టాడు.

అందుకని ఆడిషన్‌కు ముందు ఒక పని చెయ్యి. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు దగ్గర దస్తావేజు లేఖరుల బల్ల పక్కన ఒక పూట నిలబడు. తూర్పు హద్దు, పడమర హద్దు, ఇంత విస్తీర్ణం, నా తదనంతరం అని ఎలా చదువుతారో విను. ఏ మాట మీదా బరువు వెయ్యరు. గుండె ఆగిపోయే వాక్యం కూడా హద్దుల గొంతులోనే వస్తుంది. షూటింగులో చేతికి తెల్లకాగితం ఇస్తారు, ఒప్పుకోకు. మాటలన్నీ రాసి ఉన్న కాగితమే అడుగు, లేకపోతే నువ్వే రాసి తీసుకెళ్లు. కళ్లు నిజంగా వరసల మీద కదలాలి. బట్టీ పట్టి చదువుతున్నట్టు నటిస్తే క్లోజప్‌లో దొరికిపోతావు.

ఇంకోటి, డైరెక్టర్ని అడుగు: ఈ లాయరుకు చనిపోయినావిడ ముందే తెలుసా? "ఇన్సెండీస్"లో ఆవిడ ఈ నోటరీ ఆఫీసులోనే ఏళ్ల తరబడి సెక్రటరీ. పరిచయం ఉంటే, చదవడానికి ముందు ఆ కాగితాన్ని నువ్వు పట్టుకునే తీరే వేరు. పరిచయం లేదంటే తర్వాతి క్లయింటు బయట ఎదురుచూస్తున్నాడని పెట్టుకుని చదువు, గడియారం కూడా చూడు. ఆయన తేల్చి చెప్పకపోతే నువ్వే ఒకటి నిర్ణయించుకో, ఎవరికీ చెప్పకు.

రెమ్యునరేషన్, కాల్షీట్ ముందే రాతలో తీసుకో. రెండు సీన్లని రెండు పూటలు కూర్చోబెట్టి ఒక్క పూట డబ్బులిస్తారు. ఆడిషన్ వీడియో పంపే ముందు నాకు ఒకసారి పంపు. ఇక్కడ అర్ధరాత్రి అయినా ఫర్వాలేదు, నాకెలాగూ నిద్ర పట్టదు.

ఆశీస్సులతో,
పెదనాన్న