తోడేళ్లను చూడబోయే మేనకోడలికి

అమ్మలూ,

తోడేళ్ల పరిశీలన పనికి ఒప్పుకున్నావని అమ్మ చెప్పింది. చాలా సంతోషం. ఏ బైనాక్యులర్ కొనాలో ఎవరినడిగినా చెబుతారు కాబట్టి దాని జోలికి పోను. నేను చెప్పేది ఒకటే. గుంపు కనబడగానే అందులో రాజెవరు, బంటెవరు అని వెతకొద్దు. అమ్మానాన్నలెవరు, ఏ పిల్లలు ఏ ఏడాదివి అని చూడు.

గుంపులో కొట్లాడి గెలిచి మిగతావాటిపై పెత్తనం చేసే తోడేలును ‘ఆల్ఫా’ అంటారు. ఈ ఆల్ఫా తోడేలు కథ జూలో పుట్టింది. 1947లో రుడాల్ఫ్ షెంకెల్ అనే పరిశోధకుడు ఒకే ఆవరణలో ఉన్న తోడేళ్లను గమనించి, అవి పెత్తనం కోసం ఎలా కొట్టుకుంటాయో రాశాడు. ఆయన చూసింది అబద్ధం కాదు. కానీ ఎటూ వెళ్లే దారి లేకపోతే ఎవరైనా కొట్టుకుంటారు! తోడేళ్ల శాస్త్రవేత్త డేవిడ్ మీచ్ 1970లో రాసిన పుస్తకం ఈ ఆల్ఫా మాటను బాగా వ్యాప్తిలోకి తెచ్చింది. తర్వాత 1986 నుంచి ఆయనే ఆర్కిటిక్‌లోని ఎల్స్‌మియర్ దీవిలో వేసవుల్లో అడవి తోడేళ్లను దగ్గరగా చూశాడు. మామూలు గుంపంటే ఒక జంట, దాని పిల్లలు, అంతేనని 1999లో రాశాడు. తాను ప్రచారం చేసిన మాటను తనే వద్దన్నాడు. అందుకే ఆయనంటే నాకు గౌరవం.

ఇది మనసులో పెట్టుకుంటే నీ నోట్స్ మారిపోతాయి. వేట నుంచి వచ్చిన తోడేలు చుట్టూ మిగతావి తోక దించి, చెవులు వెనక్కి వాల్చి మూతి నాకుతుంటే ‘దండం పెడుతున్నాయి’ అనిపిస్తుంది. చిన్న పిల్లలు అలా నాకితే పెద్దవి కడుపులో తెచ్చిన మాంసం కక్కి పెడతాయి. ఎదిగినవీ ఆ అలవాటు మానవు. అలాగే ఒంటరి తోడేలు కనబడగానే ‘గుంపు తరిమేసింది’ అని రాసేయకు. చాలావరకు ఏడాది నుంచి మూడేళ్ల వయసులో పిల్లలు తోడు కోసం, సొంత చోటు కోసం వెళ్లిపోతాయి, కొన్ని వందల కిలోమీటర్లు కూడా.

అలాగని కుటుంబం అనే మాటనూ గుడ్డిగా నమ్మకు. తోడేళ్లు వేటాడే జంతువులు దండిగా ఉన్న అమెరికాలోని యెల్లోస్టోన్ జాతీయ పార్కులో ఒకే గుంపులో రెండు మూడు ఆడ తోడేళ్లు ఈనడం కూడా చూశారు. అలాంటి చోట పెత్తనం గురించి రాయాల్సి వస్తే రాయి, కళ్లారా చూశాక. పేజీలో ఒకవైపు చూసింది, రెండోవైపు నీకనిపించింది రాసుకో. ఈ రెండూ కలిసిపోతే తర్వాత విడదీయలేవు.

ఇక బొరియ. ఈ విషయంలో కాస్త కఠినంగానే చెబుతున్నాను. ఏడాదికి ఒక్క ఈత, తొమ్మిది వారాల గర్భం, సాధారణంగా నాలుగు నుంచి ఆరు పిల్లలు. పుట్టినప్పుడు కళ్లు కనబడవు, చెవులు వినబడవు. రెండు వారాలకు కళ్లు తెరుస్తాయి, మూడో వారానికి బొరియ గుమ్మంలోకి వస్తాయి. ఎంత ముద్దొచ్చినా దగ్గరికి వెళ్లకు. మనుషుల అలికిడి తగిలితే తల్లి పిల్లలను నోట కరుచుకుని వేరే చోటికి మారుస్తుంది, ఆ మార్పులో పిల్లలకు ప్రమాదం. గాలి వాటి వైపు నుంచి నీ వైపు వీచేలా దూరంగా కూర్చో. పెద్ద తోడేలు నీ వైపు చూసి మొరిగిందా, వెనక్కి వచ్చేయ్. తోడేళ్లు ఊరికే మొరగవు.

ఊళ విని లెక్క కట్టకు. ఒక్కోటి స్వరం మారుస్తూ ఊళ వేస్తుంటే రెండు మూడే పెద్ద గుంపులా వినబడతాయి. వెన్నెలకూ దానికీ సంబంధం లేదు.

చాలా రోజులు నీకు దొరికేది అడుగుజాడలే. ముందు పాదం వెనక దానికంటే పెద్దది. జోరుగా నడిచేటప్పుడు వెనక పాదం ముందు పాదం గుర్తులోనే పడి జాడ తిన్నగా సాగుతుంది. ఒక్క గుర్తు చూసి తోడేలో పెద్ద కుక్కో తేల్చకు, జాడ వెంట కొంత దూరం నడిచి చూడు. మలంలో వెంట్రుకలు, ఎముక ముక్కలు ఉంటాయి. ఎండినదైనా వట్టి చేత్తో ముట్టకు, వాసన చూడకు. అందులో ఉండే బద్దెపురుగు గుడ్లు మనిషికీ సోకుతాయి.

అమ్మకు భయం దేనికో నాకు తెలుసు. తోడేలు మనిషి మీద పడటం అరుదు. పడిన సందర్భాల్లో రేబిస్, మనుషులు తిండి పెట్టి అలవాటు చేయడం పెద్ద కారణాలు. కాబట్టి ఫోటో కోసం కూడా తిండి వేయకు. ఎదురైతే పరుగెత్తకుండా, దానివైపే చూస్తూ మెల్లగా వెనక్కి నడు.

నీ కుక్కను మాత్రం ఇంట్లోనే వదిలి వెళ్లు. తోడేళ్లు దాన్ని శత్రువుగా చూసి చంపేయవచ్చు, లేదా దాని జబ్బులు వాటికి అంటవచ్చు. నువ్వు వచ్చేదాకా దాన్ని నేను చూసుకుంటాను.

ఆశీస్సులతో,
మావయ్య