ఫ్రెంచ్ సినిమాలో ఎడిటర్‌గా నిలదొక్కుకోవచ్చా? ఎవరి కెరీర్ చూడాలి?

హైదరాబాద్‌లో అసిస్టెంట్ ఎడిటర్‌గా చేశాను, ఫ్రాన్స్‌లో ఇదే పనిలో నిలబడగలనా, ఎవరి కెరీర్ చూసి నేర్చుకోవాలి అని అడిగారు. నేను పారిస్‌లో డాక్యుమెంటరీలకు అసిస్టెంట్‌గా చేస్తున్నాను, ఆ అనుభవంతో చెబుతున్నాను.

నేనైతే ఫ్రెంచ్ ఎడిటర్ మారీ-జోసెఫ్ యోయోత్ పేరు చెబుతాను. మార్టినిక్ మూలాలున్న కుటుంబంలో 1929లో పుట్టారు, 2017లో చనిపోయారు. ఫ్రెంచ్ దర్శకుడు త్రూఫో మొదటి పూర్తి నిడివి సినిమా 'ది 400 బ్లోస్' (1959) ఎడిట్ చేసింది ఈవిడే. అందులో కుర్రాడు సైకాలజిస్టుకి జవాబులు చెప్పే సీన్ ఒక్కటి శ్రద్ధగా చూడండి. ప్రశ్నలడిగే ఆవిడ గొంతే తప్ప మనిషి కనిపించదు, కెమెరా కుర్రాడి మీదే ఉంటుంది, జవాబుకీ జవాబుకీ మధ్య డిజాల్వ్ (ఒక షాట్ కరిగి ఇంకో షాట్‌లోకి మారడం) వస్తుంది. ఎదుటి మనిషి షాట్ వేసి అతుకు కప్పేసే వీలే లేదు కాబట్టి ఏ జవాబు ఉంచాలి, ఎక్కడ ఆపాలి అన్నదే అక్కడ ఎడిటింగ్ అంతా. ఇంటర్వ్యూలో మాట మధ్య కోత పడగానే చేతుల క్లోజప్పో కిటికీయో పెట్టేయడం మనందరికీ అలవాటే. ఈ సీన్ చూశాక, ముఖం మీదే ఉండిపోవడం కుదురుతుందేమోనని ముందు ప్రయత్నిస్తున్నాను.

ఆవిడ అక్కడితో ఒక రకం సినిమాకి అంటుకుపోలేదు. పోలీసు కథ 'పోలీస్ పైథాన్ 357', మార్టినిక్ చెరకు తోటల నేపథ్యంలో యూజాన్ పాల్సీ తీసిన 'షుగర్ కేన్ ఆలీ' (1983), చివరికి పురుగుల మీద 'మైక్రోకాస్మోస్', వలస పక్షుల మీద 'వింగ్డ్ మైగ్రేషన్'. ఫ్రెంచ్ సినిమా పురస్కారాలైన సెజార్ అవార్డులు మూడొచ్చాయి, అందులో రెండు ఈ పురుగులు, పక్షుల సినిమాలకే! నటుల్లేకుండా లయ పుట్టించడం నిజంగా గొప్ప విద్య.

ఇక డబ్బు. ఇక్కడ ఎడిటర్లలో చాలామంది ప్రాజెక్టు లెక్కన పనిచేసేవాళ్లే. సినిమా టెక్నీషియన్లకు 12 నెలల్లో 507 గంటల పని నమోదైతే, పని లేని రోజులకు నిరుద్యోగ భృతి వస్తుంది. ఆ గంటలు పూర్తయ్యేదాకా టెన్షనే, పూర్తయితే మాత్రం ఖాళీ నెలల్లో అద్దె గురించి భయం తగ్గుతుంది. నేను ఇక్కడ నిలబడటానికి సగం కారణం ఈ పద్ధతే.

ఇంకో విషయం, ఫిల్మ్ రోజుల్లో అసిస్టెంట్ ఎడిటర్ గదిలోనే ఉండి రష్ (షూట్ చేసిన ఫిల్మ్) అందిస్తూ పని నేర్చుకునేవాడు. ఇప్పుడు సింక్ చేసి (బొమ్మకీ శబ్దానికీ జత కుదిర్చి), బ్యాకప్ తీసి వెళ్లిపోతే ఎడిటింగ్ కంటపడదు. అందుకే పని ఒప్పుకునేటప్పుడే, ఎడిట్ జరుగుతుండగా కొన్ని రోజులు వెనక కూర్చోనివ్వమని అడగండి, నాకైతే చాలామంది సరేనన్నారు. ఫ్రెంచ్ మాత్రం ఇవాళే మొదలుపెట్టండి. లా ఫెమిస్ లాంటి ఫిల్మ్ స్కూలు సంగతి తర్వాత, మాటలో నసుగుడు ఎక్కడుందో, ఊపిరి ఎక్కడ తీసుకున్నారో వినపడకపోతే ఇంటర్వ్యూ కోయలేరు.