అమెరికా క్రైస్తవ దేశమా, సెక్యులర్ దేశమా?

అడిగిన ప్రశ్న ఇది: "అమెరికా రాజ్యాంగం మతాన్ని ప్రభుత్వానికి దూరంగా పెట్టిందంటారు. మరి డాలర్ నోటు మీద దేవుడి పేరేంటి, ప్రెసిడెంట్ బైబిల్ మీద చెయ్యి పెట్టి ప్రమాణం చేయడమేంటి? అక్కడ ఉండేవాళ్లు చెప్పండి." ఒహాయోలో ఇరవై ఏళ్ల పైనే ఉంటున్నాను, నాకు కనపడింది చెబుతాను.

ఇల్లు మారిన వారంలోనే పక్కింటి పెద్దావిడ అరటిపండు బ్రెడ్ చేసి పట్టుకొచ్చింది. పేరు అడిగింది, ఏ దేశం నుంచి వచ్చారని అడిగింది, మూడో ప్రశ్న "మీరు ఏ చర్చికి వెళ్తారు?" నాకు చిర్రెత్తుకొచ్చింది. మతం మార్చడానికి వచ్చిందేమో అనుకుని, మేం హిందువులమండీ అన్నాను కాస్త గట్టిగానే. ఆవిడ ఏమీ అనుకోకుండా "ఓ, అయితే మీ గుడి ఎక్కడుంది, దూరమా?" అంది. మన ఊళ్లలో కొత్త మనిషి కనపడితే "ఎవరి తాలూకు బాబూ?" అంటారే, సరిగ్గా ఆ ప్రశ్న అది. ఆ సంగతి అర్థం కావడానికి నాకు నాలుగేళ్లు పట్టిందనుకోండి.

ముందు నోటు సంగతి తేల్చేద్దాం. దేవుణ్ణి నమ్ముతున్నాం అనే ఆ మాట మొదట వచ్చింది 1864లో, అంతర్యుద్ధం నడుస్తుండగా, రెండు సెంట్ల నాణెం మీద. అది జాతీయ నినాదం అయింది 1956లో, కాగితం నోట్ల మీదికి ఎక్కింది 1957లో. స్కూలు పిల్లలు రోజూ చెప్పే ప్రతిజ్ఞ ఉంది కదా, దాన్ని 1892లో రాసింది ఫ్రాన్సిస్ బెల్లమీ అనే బాప్టిస్టు (క్రైస్తవంలో ఒక శాఖ) పాస్టరే, అయినా ఆయన అందులో దేవుడి ఊసే ఎత్తలేదు. దేవుణ్ణి అందులో చేర్చింది 1954లో, ఐసెన్‌హోవర్ ప్రెసిడెంటుగా ఉన్న టైములో. అవతల సోవియట్ వాళ్లు దేవుడు లేడంటున్నారు, కాబట్టి మనం ఉన్నాడనాలి. అంటే మీరు చూసి ఆశ్చర్యపోతున్న వాటిలో సగం, దేశాన్ని కట్టినవాళ్లు పెట్టినవి కావు, కోల్డ్ వార్ పెట్టినవి. అసలు రాజ్యాంగంలో అయితే, ఏ ప్రభుత్వ పదవికీ మత పరీక్ష పెట్టకూడదని ఆరో అధికరణంలో స్పష్టంగా ఉంది. బైబిల్ మీద చెయ్యి పెట్టాలని ఎక్కడా లేదు. 1901లో థియోడర్ రూజ్‌వెల్ట్ బైబిల్ లేకుండానే ప్రమాణం చేశాడు.

మా అబ్బాయి మూడో తరగతిలో ఉండగా ఓ రోజు అన్నం తింటూ "నాన్నా, ప్రతిజ్ఞలో దేవుడంటే ఏ దేవుడు?" అని అడిగాడు. నీకు నచ్చిన దేవుణ్ణి అనుకోరా అన్నాను. తప్పించుకోవడానికి అన్న మాటే గానీ, ఆలోచిస్తే ఈ దేశంలో చాలామంది చెప్పే జవాబు కూడా అదే. అసలు ఆ ప్రతిజ్ఞ చెప్పమని పిల్లల్ని బలవంతపెట్టకూడదని సుప్రీంకోర్టు 1943లోనే తీర్పిచ్చింది. ఆ కేసు వేసింది నాస్తికులు కాదు, జెండాకి వందనం చేస్తే విగ్రహారాధన అవుతుందని నమ్మే యెహోవా సాక్షులు అనే క్రైస్తవ శాఖవాళ్లు!

మన దగ్గర చాలామందికి తెలియని విషయం ఇదే అనుకుంటాను. మతాన్నీ ప్రభుత్వాన్నీ విడదీయమని గట్టిగా అడిగినవాళ్లలో భక్తులే ఎక్కువ. ఏ మతాన్నీ అధికార మతం చేయకూడదు, ఎవరి ఆచరణకీ అడ్డు రాకూడదు అని మొదటి సవరణ 1791లో వచ్చింది నిజమే, కానీ అప్పట్లో అది కేంద్రానికే వర్తించేది, మసాచుసెట్స్‌లో చర్చికి ప్రభుత్వ అండ 1833 దాకా నడిచింది. కనెక్టికట్‌లో వేరే చర్చి పెత్తనం కింద నలిగిపోతున్న డాన్బరీ ఊరి బాప్టిస్టులు ప్రెసిడెంట్ జెఫర్సన్‌కి ఉత్తరం రాస్తే, వాళ్లకి 1802లో రాసిన జవాబులోదే ఆ 'మతానికీ ప్రభుత్వానికీ మధ్య గోడ' అనే మాట. 1818లో ఆ రాష్ట్రంలో అధికారిక చర్చి హోదా పోయినప్పుడు లైమన్ బీచర్ అనే పాస్టరు బాగా కుంగిపోయాడు. తర్వాత ఆయనే, కనెక్టికట్‌కి జరిగిన అన్నిటికన్నా గొప్ప మేలు అదేనని చెప్పుకున్నాడు. ఎందుకంటే ప్రభుత్వం డబ్బు ఆగిపోయేసరికి ప్రతి చర్చీ జనాన్ని తనే పట్టుకోవాలి, తనే చందాలు పోగుచేయాలి, జనానికి ఏదో ఒక విధంగా పనికిరావాలి.

ఆ పనికిరావడం ఎలా ఉంటుందో చెబుతా. పౌరసత్వం వచ్చాక నా మొదటి ఓటు వేసింది ఓ చర్చి బేస్‌మెంట్‌లో. మడత కుర్చీలు, పెద్ద స్టీలు కాఫీ డ్రమ్ము, గోడ మీద సండే స్కూలు పిల్లలు వేసిన నోవా ఓడ, అందులోంచి బయటికి పొడుచుకొచ్చిన జిరాఫీ మెడ, ఆ జిరాఫీ కిందే ఓటింగ్ మెషీన్. అదే గదిలో మంగళవారం సాయంత్రం తాగుడు మానాలనుకునేవాళ్ల మీటింగ్, శనివారం పొద్దున ఫుడ్ ప్యాంట్రీ. ఇంట్లో సరుకులు నిండుకున్నవాళ్లు వచ్చి బియ్యం, పాస్తా, డబ్బాల కూరగాయలు పట్టుకెళ్తారు. ఎవరూ మతం అడగరు. ఏడాది పాటు అక్కడ సరుకులు సర్దే పని చేశాను, ఒక్కరు కూడా నన్ను బైబిల్ చదవమనలేదు. (వేరే ఊళ్లో ఉన్న మా ఫ్రెండుకి మాత్రం ప్రతి వారం కరపత్రం ఇచ్చేవాళ్లట. అదీ ఉంది.)

మనవాళ్ల గుళ్లూ ఇక్కడికొచ్చి అలాగే తయారయ్యాయి. మా నాన్నగారు మొదటిసారి వచ్చినప్పుడు గుడికి తీసుకెళ్తే, దర్శనం అయ్యీ అవ్వకముందే "ఇక్కడ ఈవో ఎవరు?" అన్నారు. దేవాదాయ శాఖ లేని గుడిని ఆయన ఊహించలేకపోయారు. ఇక్కడ బోర్డు ఉంటుంది, బైలాస్ ఉంటాయి, ఎన్నికలు జరుగుతాయి, ఆ ఎన్నికల్లో తగాదాలూ జరుగుతాయి. హాలు పెద్దది చేద్దామని మేం సిటీకి అప్లికేషన్ పెడితే బహిరంగ విచారణ జరిగింది. ట్రాఫిక్ అన్నారు, లైట్లు అన్నారు, ఒకాయన లేచి "ఇది ఈ ప్రాంతానికి సరిపోయేది కాదు" అన్నాడు. నాకు టెన్షన్‌తో చెమటలు పట్టేశాయి. గుళ్లూ చర్చిల కట్టడాల మీద ఊళ్లు ఇష్టమొచ్చినట్టు ఆంక్షలు పెట్టకుండా 2000లో వచ్చిన ఫెడరల్ చట్టం ఒకటి ఉంది, మా లాయరు దాన్నే నమ్ముకున్నాడు. కానీ గదిలో గాలి మళ్లింది మాత్రం అదే రోడ్డులో ఉన్న లూథరన్ చర్చి పాస్టరు లేచి, మీ పండగ రోజుల్లో మా పార్కింగ్ వాడుకోండి, మా క్రిస్మస్ రాత్రికి మీది ఇవ్వండి అన్నప్పుడు.

ఇదంతా చదివి ఆహా అనుకోకండి. బానిసత్వాన్ని సమర్థించినవాళ్లూ, ఎదిరించినవాళ్లూ అదే బైబిల్ తెరిచారు. ఇద్దరూ ఒకే దేవుణ్ణి ప్రార్థిస్తున్నారని 1865లో లింకనే అన్నాడు. బానిసల యజమానుల పక్షాన నిలబడి 1845లో విడిపోయి పుట్టిందే సదరన్ బాప్టిస్ట్ కన్వెన్షన్ అనే చర్చిల సమాఖ్య, దానికి క్షమాపణ చెప్పుకున్నది 1995లో. మరో పక్క నల్లజాతి చర్చిలే లేకపోతే, బస్సుల్లో నల్లవాళ్లని వేరు చేసి కూర్చోబెట్టడానికి ఎదురుతిరిగిన మాంట్‌గోమరీ బస్సుల బహిష్కరణ నడిచేదా? మార్టిన్ లూథర్ కింగ్ అక్కడ పాస్టరే కదా. ఆ చర్చిలంటే ఎంత కసి ఉండేదో 1963లో బర్మింగ్‌హామ్‌లో బాంబు పెట్టి నలుగురు ఆడపిల్లల్ని చంపినప్పుడు తెలిసింది. కెనెడీ కేథలిక్ అయినందుకు, పోప్ చెప్పినట్టు ఆడనని 1960లో హ్యూస్టన్ పాస్టర్ల ముందు నిలబడి చెప్పుకోవాల్సి వచ్చింది.

మన సంగతికొస్తే, ప్రతినిధుల సభను హిందూ ప్రార్థనతో మొదటిసారి ప్రారంభించింది 2000 సెప్టెంబరు 14న, మా ఒహాయోలోనే పార్మా గుడి పూజారి వెంకటాచలపతి సముద్రాల గారు. ఏడేళ్ల తర్వాత సెనేట్‌లో రాజన్ జెడ్ అనే హిందూ పురోహితుడు ప్రార్థన మొదలుపెట్టగానే గ్యాలరీలోంచి కొందరు అరిచి ఆపబోయారు, పోలీసులు వాళ్లని పట్టుకెళ్లారు. ఈ రెండు దృశ్యాల్లో ఏది అసలు అమెరికా అంటే, రెండూనూ.

కాబట్టి నా జవాబు: చట్టంలో క్రైస్తవ దేశం కాదు, అలవాట్లలో చాలావరకు క్రైస్తవమే, అయితే ఆ అలవాటు పక్కవాడికీ చోటిచ్చే రకం. కొట్లాడాకే ఇస్తుంది, అది వేరే సంగతి. ఇప్పుడు ఆ అలవాటు కూడా పల్చబడుతోంది. ప్యూ రీసెర్చ్ అనే సంస్థ సర్వేల్లో క్రైస్తవులమని చెప్పుకున్నవాళ్లు 2007లో 78 శాతం, 2023-24లో 62 శాతం. ఏ మతమూ లేదన్నవాళ్లు 29 శాతం. బ్రెడ్ తెచ్చిన ఆవిడ పిల్లలు ముగ్గురిలో ఒక్కరూ చర్చి గడప తొక్కరు.

నేను మొదటి ఓటేసిన చర్చి నిరుడు మూతపడింది. ఓటింగ్ లైబ్రరీకి మారింది, మంగళవారం మీటింగ్ ఇంకో చర్చికి వెళ్లింది. ఫుడ్ ప్యాంట్రీకి మాత్రం చోటు దొరకలేదు. మన కింది హాలు ఇద్దామా అని మొన్న మా గుడి బోర్డులో అడిగారు. రెండు గంటలు మాట్లాడుకున్నాం. గుళ్లో చికెన్ డబ్బాలు, చేపల డబ్బాలు పెట్టొచ్చా అన్న దగ్గర ఆగిపోయి, వచ్చే నెలకి వాయిదా వేశారు.